కల్పితలోకమున మంత్రఘోష

మంత్రమెచ్చట పుట్టును? ఋషుల తపస్సులో పుట్టినదని మన పెద్దలు చెప్పుదురు. ఒక పండితుని వ్రాతబల్లమీద కూడ పుట్టగలదని ఇరువదవ శతాబ్దపు ఆంగ్లసాహిత్యము చూపినది. ఎన్నడును లేని లోకమును, ఎవ్వరును మాటలాడని భాషను, ఎవ్వరును కొలువని దేవతను కల్పించి, ఆ దేవతకొక స్తోత్రమునుగూడ కల్పించి గ్రంథములో నిలిపిన రచయిత ఒకడు గలడు. ఆ స్తోత్రమును నేడు మన పట్టణములలోని యువకులు సైతము తప్పులేకుండ వల్లించుచున్నారు. ఈ వార్త విన్న పెద్దలలో కొందరు నవ్విరి, కొందరు కోపించిరి. మేము నవ్వుటకును కోపించుటకును ముందు కొంత ఆలోచింపవలెనని తలంచి ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

ఆ రచయిత పేరు టోల్కీను. ఆక్స్ఫర్డు విశ్వవిద్యాలయమున ప్రాచీనాంగ్లభాష కాచార్యుడు. 1954లో వెలువడిన ఆయన మహాకథ ప్రథమభాగమున, ప్రమాదములు దాటివచ్చిన బాటసారులు ఒక కొండలోయలోని అతిథిగృహమున విశ్రమింతురు. అచ్చటి దివ్యజాతివారు నక్షత్రములను వెలిగించిన ఎల్బెరెత్ అను దేవిని కీర్తించుచు ఒక స్తోత్రమును పాడుదురు. అది సిందారిన్ అను కల్పితభాషలో నున్నది. రచయిత దానికచ్చట అర్థము వ్రాయలేదు. పాఠకుడు ఆ ధ్వనిని విని ముందునకు సాగవలసినదే. దాని అర్థమును టోల్కీను 1967లో, తన గేయములకు స్వరరచన జరిగిన వేరొక పుస్తకమున గాని ప్రకటింపలేదు. పదుమూడేండ్లు లక్షలాది పాఠకులు అర్థము తెలియకయే ఆ స్తోత్రమును ప్రేమించిరి.

ఆయన పనిచేసిన క్రమమును గమనింపదగియున్నది. లోకులు ముందు కథ నల్లి, ఆ పిమ్మట పాత్రలచేత మాటలు చెప్పింతురు. ఆయన ముందు భాషలను కల్పించెను. ఆ భాషలు బ్రతుకుటకొక లోకము కావలెనని కథను కల్పించెను. ఒక భాషకు ఫిన్నిషుభాష శ్రావ్యతను, మరియొకదానికి వేల్సుదేశభాష ధ్వనిని ఆదర్శముగా గొనెను. ఆ భాషలకు ధాతువులు, ధ్వనిపరిణామములు, వ్యాకరణము ఏర్పరచెను. భాష యుండిననే జాతి యుండును, జాతి యుండిననే ప్రార్థన యుండును అను సత్యమును ఆయన మనసార నమ్మినట్లు కనుపించును. భాషకొరకు పాటుపడిన ఆంధ్రులకు ఈ మాట క్రొత్తది కాదు.

ఇంకొక సన్నివేశము గలదు. ఆ కథలో సాం అను తోటమాలి, ఘోరమైన సాలీడురక్కసి యెదుట తన యజమానిని కాపాడుకొనుటకు నిలిచినప్పుడు, తానెరుగని భాషలో ఆ దేవిని పిలుచును. ఆ మాటల అర్థము వానికి రాదు. అయినను ఆ పిలుపే వానికి బలమగును. ఇది చదివినప్పుడు మాకు కలిగిన తలంపు ఇది: ఈ ప్రశ్న మన యింటి ప్రశ్నయే గదా!

మంత్రములకు అర్థము గలదా లేదా అను వాదము మన దేశమున రెండువేల యేండ్లకు మించిన వయస్సు గలది. మంత్రములు అర్థరహితములని కౌత్సుడు వాదించెనని యాస్కుడు తన నిరుక్తమున నమోదుచేసి, ఆ వాదమునకు సమాధానము చెప్పెను. త్రోవలోని మోడును గ్రుడ్డివాడు చూడలేకపోయిన తప్పు మోడుది కాదనునదే ఆ సమాధానసారము. అదే గ్రంథమున మరియొక హెచ్చరికయు గలదు. వేదమును చదివి అర్థమెరుగనివాడు బరువు మోయు మోడు వంటివాడట. చూడలేనివానికొక మోడు, చదివియు తెలియనివానికొక మోడు! ఎదిరిపక్షమును దాచక, దాని పేరుతోసహా గ్రంథములో నిలిపి, యుక్తితో ఎదుర్కొన్న ఆ సంప్రదాయము మనది. వాదమునకు వెరచి నోరుమూయించుట మన పూర్వుల మార్గము కాదని నేటివారు జ్ఞప్తియందుంచుకొనవలెను.

కౌత్సునివాదము చావలేదు. 1975లో కేరళదేశమున పాంజాళ్ అను గ్రామములో నంబూద్రి వైదికులు పన్నెండు దినములపాటు అతిరాత్రాగ్నిచయనము జరిపిరి. దానిని చిత్రములోనికిని గ్రంథములోనికిని ఎక్కించిన పండితులలో ముఖ్యుడైన స్టాల్ అనువాడు, క్రతువులోని మంత్రము అర్థముకొరకు గాక నియమముకొరకు నిలుచునదని తరువాత గట్టిగా వాదించెను. మేము ఆయనతో పూర్తిగా ఏకీభవింపము. అయినను ఆయన చూచిన సగము సత్యమును కాదనలేము. అర్థము తెలియక ముందే మంత్రము బాలుని చెవిలో పడును. అర్థము తెలియుటకు ఒక జీవితము పట్టును. తల్లి జోలపాటలోని మాటలు శిశువునకు తెలియునా? అయినను శిశువు నిదురించును గదా! అయితే పెద్దవాడైన పిదపకూడ ఆ జోలపాటకు అర్థము విచారింపనివాని విషయమే యాస్కుడు చెప్పిన మోడు విషయము.

కల్పితమంత్రమునకును కన్నవారినుండి వచ్చిన మంత్రమునకును భేదమెచ్చట నున్నది? మా యభిప్రాయమున తప్పుయొక్క ఫలములో నున్నది. నవలలోని స్తోత్రమును తప్పుగా చదివిన పాఠకునకు ఏమియు కాదు. పుస్తకము తెరచి సరిచూచుకొనవచ్చును. మన కథ వేరు. త్వష్ట తన కొడుకును చంపిన ఇంద్రునిపై పగబట్టి హోమముచేసి, ఇంద్రుని చంపువాడు పుట్టవలెనని కోరెను. "ఇంద్రశత్రు" అను మాటలో ఉదాత్తస్వరము చివరి యక్షరముపై నుండవలసియుండగా మొదటి యక్షరముపై పడెను. ఇంద్రునికి శత్రువు కావలసినవాడు, ఇంద్రుడే శత్రువుగా గలవాడయ్యెను. వృత్రుడు పుట్టెను, ఇంద్రునిచేతనే చచ్చెను. అక్షరము మారలేదు, స్వరము మారినది, ఒక ప్రాణము పోయినది. ఇది పురాణకథయే కావచ్చును. కాని నోటిమాటకు ఇంత పూచీ యున్నదని నమ్మిన జాతి మరియొకటి గలదేమో మాకు తెలియదు.

ఆ పూచీనుండియే మన పఠనపద్ధతులు పుట్టినవి. సంహితను పదములుగా విడదీసిరి. పదములను రెండేసిగా జోడించి క్రమమనిరి. ముందువెనుకలు త్రిప్పి జట యనిరి. ఘనమున మూడు పదములను తీసికొని ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, మరల ఒకటి రెండు మూడు అని పదుమూడు ఉచ్చారణములుగా పలికించిరి. ఒక పదము జారినను, ఒక సంధి తప్పినను, ఈ వలలో పట్టువడక తప్పదు. కాగితము లేదు, ముద్రాయంత్రము లేదు, తాళపుచెవి లేదు. కంఠమే గ్రంథాలయము, శిష్యుడే ప్రతి. ఆంధ్రవైదికులలో అధికసంఖ్యాకులు చెప్పు తైత్తిరీయశాఖ నేటికిని ఈ పద్ధతిచేతనే నిలిచియున్నది. టోల్కీను ఒక్కడు ఒక జీవితకాలమున కల్పించిన దానిని చూచి మేమాశ్చర్యపడుచున్నాము. పేరులేని వేలమంది వందతరములు మోసినదానిని చూచి అంతకు ఎంతో హెచ్చుగా ఆశ్చర్యపడవలసియుండలేదా?

అన్యలోకములలో మన ధ్వని వినబడుట మరియొక విషయము. 1999లో విడుదలయైన నక్షత్రయుద్ధముల చలనచిత్రమున ఖడ్గయుద్ధఘట్టమునకు జాన్ విలియమ్సు అను స్వరకర్త ఒక బృందగానమును కూర్చెను. వేల్సుదేశపు మధ్యయుగ పద్యమొకటి ఇంగ్లీషులోనికి రాగా, ఆ పంక్తులను సంస్కృతములోనికి మార్పించి, చెవికింపైన రీతిని అక్షరములనమర్చి పాడించెను. సంస్కృతమునెన్నుకొనుటకు కారణము దాని యచ్చుల గాంభీర్యము. విను మనవానికి అది సంస్కృతమని తోచును. అర్థమునకై చెవియొగ్గినచో చిక్కదు. 2004లో ప్రారంభమైన గెలాక్టికా అను అమెరికా దూరదర్శననాటకమున శీర్షికాసంగీతములో గాయత్రీమంత్రమునే పాడించిరి. ఆ నాటకములోని పన్నెండు లోకముల ప్రజలు కొలుచువారు జ్యూసు, ఎథీనా, అపాలో మొదలైన గ్రీకుదేవతలు. నాటకముఖమున వినిపించునది మాత్రము విశ్వామిత్రుడు దర్శించిన సవితృమంత్రము!

ఇది అవమానమా? గౌరవమా? త్వరపడి తీర్పుచెప్పుటకు మాకిష్టములేదు. పరదేశీయులలోనే రెండు తెగలవారు గలరు. గుస్టావు హోల్స్టు అను ఆంగ్లస్వరకర్త ఋగ్వేదసూక్తములకు స్వరరచన చేయదలచి, ఉన్న అనువాదములు తృప్తినీయకపోగా, తానే సంస్కృతము నేర్చుకొని అనువదించుకొనెను. 1908 మొదలు 1912 వరకు బృందగానములుగా కూర్చెను. అమెరికావాడైన ఫిలిప్ గ్లాసు గాంధీమహాత్ముని దక్షిణాఫ్రికాజీవితముపై రచించిన సంగీతనాటకమునకు సత్యాగ్రహమని పేరిడి, గీతాశ్లోకములను సంస్కృతముననే పాడించెను. అది 1980లో రాటర్డాములో మొదటిసారి ప్రదర్శింపబడినది. వీరు అర్థమును వెదకి ధ్వనిని చేరిరి. కొందరు ధ్వనిని తీసికొని అర్థమును వాకిటనే విడిచిరి. మొదటివారికి మనము కృతజ్ఞులము. రెండవవారిని గూర్చి మేము చెప్పునది ఇంతే: సుగంధద్రవ్యము కొనిపోయినవానికి తోటతో పనిలేదు, కాని తోటవానికి తోటతో పనియున్నది.

ఆ తోటవారము మనము. తోట యెట్లున్నది?

పతంజలి తన మహాభాష్యమున ఋగ్వేదమునకు 21, యజుర్వేదమునకు 101, సామవేదమునకు 1000, అథర్వవేదమునకు 9 శాఖలను లెక్కించెను. 2003లో ఐక్యరాజ్యసమితి విద్యాసాంస్కృతికసంస్థ వేదపఠనమును మానవజాతి సంప్రదాయములలో శ్రేష్ఠమైనదానిగా ప్రకటించినప్పుడు మిగిలినవి 13 శాఖలే యని తెలిపినది. అందును కొన్ని అంతరించు స్థితిలో నున్నవని హెచ్చరించినది. వేయికి పైబడినవి పదుమూడయ్యెను. ఈ నష్టము ఏ పరదేశీయచలనచిత్రమువలనను కలుగలేదు. సాయణభాష్యసహితమైన ఋగ్వేదము 1849 మొదలు 1874 వరకు ఆరు సంపుటములుగా మాక్సుమూలరు చేత ముద్రితమైనది ఎచ్చటనో యెరుగుదురా? టోల్కీను తరువాత పాఠములు చెప్పిన ఆ ఆక్స్ఫర్డు నగరముననే. సాయణుడు విజయనగరసామ్రాజ్యములో బుక్కరాయల యాశ్రయమున భాష్యము వ్రాసెను. మన నేలపై పుట్టిన భాష్యమునకు అచ్చుయోగము సముద్రము దాటిన పిదప పట్టినది.

ఇక మరింత కఠినమైన మాటను చెప్పవలసియున్నది, చెప్పక తప్పదు. గాయత్రి పరదేశపు నాటకమున వినబడెనని కోపించువారిని మేమొకటి యడుగుచున్నాము. మన పొలములు దున్నినవారికి, మన బట్టలు నేసినవారికి, మన యిండ్లలోని తల్లులకు, అక్కచెల్లెండ్రకు ఆ మంత్రమును ఎన్ని శతాబ్దములు నిషేధించితిమి? బుద్ధిని ప్రేరేపింపుమని సూర్యుని వేడుకొను ప్రార్థన అది. సూర్యుడు ఏ వీధిని వదలి ఏ వీధిలో ప్రకాశించుచున్నాడు? తిరుమంత్రరహస్యమును గురువువద్ద పొంది, ఆలయగోపురమెక్కి ఎల్లవారికి వినిపించి, తానొక్కడు నరకమునకు పోయినను ఇందరు తరింతురు గదా యనిన రామానుజుని కథను గురుపరంపర చెప్పుచున్నది. ఆ కథ చెప్పుకొని కన్నీరు కార్చుదుము. గోపురమెక్కుటకు మాత్రము సాహసింపము. తలుపు లోపలినుండి గడియవేసికొన్న యింటివారు, కిటికీలోనుండి పాట విన్న బాటసారిని దొంగయనుట న్యాయము కాదు.

మంత్రమన్నంతనే వేదమొక్కటియే తలంపునకు వచ్చుటయు మన సంకుచితబుద్ధికి గుర్తు. ఆదిలాబాదు అడవులలోని రాజగోండుల దేవతార్చనలలో పర్ధానులు కింగ్రి వాయించుచు వంశగాథలను గానము చేయుదురు. ఆ గాథలు ఆ జాతికి పురాణమును, చరిత్రయు, మంత్రమును. 1940 తరువాతి సంవత్సరములలో హైమెండార్ఫు అను మానవజాతిశాస్త్రజ్ఞుడు ఆ గోండుల నడుమ నివసించి వారి యాచారములను గ్రంథస్థము చేసెను. ఆయన తరువాత మన పండితులలో ఎందరు ఆ గుడిసెల ముందర కూర్చుండి వినిరి? 2015లో మన తెలుగువారు బాహుబలియను కల్పితలోకమును తెరపై నిర్మించి, అందలి కాలకేయులకై కిలికి యను భాషను మదన్ కార్కియను తమిళకవిచేత 750కి పైగా మాటలతో సృష్టింపజేసిరి. కల్పనాశక్తికి మేమానందించితిమి. కాని ఆ క్రొత్తభాషను క్రూరులైన అడవిమూకకు కేటాయించితిమి గాని, దానిలో ఒక ప్రార్థనను పలికించుట మనకు తోచలేదు. లేనిజాతికి భాష చేసి ప్రార్థనను ప్రసాదించినవాడు టోల్కీను. ఉన్నజాతుల ప్రార్థనలకు చెవియొగ్గనివారము మనము. ఈ పోలిక చేదుగా నున్నచో ఆ చేదు మందు చేదే.

ఆంగ్లరచయితయు గాలిలోనుండి స్తోత్రమును తీయలేదు. ఆయన క్యాథలిక్ మతస్థుడు. ఆ నక్షత్రదేవి స్తోత్రమున మేరీమాత స్తుతుల ఛాయను పలువురు విమర్శకులు గుర్తించిరి. ఆయన మరియొక గీతమునకు చర్చిలోని ప్రాచీన గ్రెగరీగానరీతిని తానే సూచించెను. అనగా నిజముగా మనుష్యులు మోకరిల్లి పాడిన పాటనుండియే కల్పితలోకపు పాట పుట్టినది. ఊట యెండిన బావికి ఎంత గొప్ప గిలక బిగించిన నేమి? మన పిల్లలు రేపు తెలుగులో కల్పితలోకములు నిర్మింపవలెనన్న, నేడు వారి చెవులలో ఏదో యొక నిజమైన మంత్రఘోష పడవలెను.

కావున చేయవలసినదేమి? శోకమువలనను, ఊరేగింపువలనను ప్రయోజనము లేదు. మేము నాలుగు పనులను సూచించుచున్నాము. మొదటిది, ప్రతి పట్టణములోని పఠనమందిరమున నెలకొక సాయంకాలము వేదపఠనమునకు కేటాయింపవలెను. ఒక సూక్తము పఠించిన వెంటనే దాని తాత్పర్యమును తెలుగున చెప్పవలెను. వచ్చినవారి కులమును గాని, స్త్రీపురుషభేదమును గాని వాకిట నెవరును అడుగరాదు. రెండవది, అదే వేదికపై గోండుల, కోయల, సవరల గాయకులను సమానగౌరవముతో పిలిచి వినవలెను. మూడవది, నేర్పుటకు నేర్చుటకు ఇష్టపడువారికి, పుట్టువు విచారింపక, జీవనాధారము కల్పింపవలెను. తిరుపతిలో 2006లో వేదవిశ్వవిద్యాలయము నెలకొల్పబడినది, మంచిదే. కాని విశ్వవిద్యాలయమునకు చేరు పిల్లవాడు ముందు ఏదో యొక యూరి అరుగుమీద వల్లెవేయవలసియున్నది. ఆ యరుగుపై కూర్చున్న గురువు ఆకలిని ఎవరు విచారించుచున్నారు?

నాలుగవది, శబ్దగ్రహణము. సంప్రదాయమునంతయు యంత్రములోనికి ఎక్కించినచో చాలునని కొందరు చెప్పుదురు. ఎక్కింపవలసినదే, కాని అది చాలదు. యంత్రము వినిపించును గాని వినలేదు. శిష్యుని స్వరము జారినపుడు ఆపి, చేయెత్తి, తల వంచి సరిదిద్దునది గురువేగాని యంత్రము కాదు. పాంజాళులో 1975లో జరిగిన అగ్నిచయనమును చిత్రించినప్పుడు, ఇక మరల ఇట్టిది జరుగునో జరుగదో యని పలువురు సంశయించిరి. అదే గ్రామమున 2011లో అది మరల జరిగినది. దానిని నిలిపినది ఆ చిత్రము మాత్రమే కాదు. ఆ నడుమ కాలమంతయు పిల్లలకు నేర్పుచు వచ్చిన గొంతులు నిలిపినవి. ఆశకు ఇంతకంటె సాక్ష్యము కావలెనా?

యువకులకొక మాట. కల్పితలోకపు స్తోత్రమును వల్లించుచున్నందుకు మేము మిమ్ము నిందింపము. ఎరుగని భాషలోని ధ్వనికి హృదయము చలించుట హృదయమున్నదనుటకు గుర్తు. ఆ చలనమునే ఇంకొక యడుగు ముందునకు నడిపింపుడు. లేని దేవికి లేని జాతివారు పాడిన పాట మిమ్మింత కదలించినప్పుడు, మీ వీధిచివర నొక వృద్ధుడు తెల్లవారుజామున నలువదియేండ్లుగా ఒంటరిగా చెప్పుకొనుచున్న పనస మిమ్మెంత కదలింపవలెను? ఒక్కనాడు పోయి కూర్చుండి వినుడు. అర్థమడుగుడు. ఆయన చెప్పలేకపోయినచో మీరే వెదకి ఆయనకు చెప్పుడు. అట్లు చేసిన దినమున కౌత్సునికిని యాస్కునికిని మన కాలమువారు బదులు చెప్పినట్లగును.

పెద్దలకొక మాట. ప్రశ్నించుటకు వచ్చిన పిల్లవానిని గడపలో నిలిపి గోత్రమడుగకుడు. కల్పితలోకములకు ద్వారపాలకులు లేరు. అందుచేతనే మీ పిల్లలచ్చటికి పోవుచున్నారు. నిజలోకపు ద్వారమును తెరచియుంచినచో వారే తిరిగివత్తురు. తెరువనిచో, మన మంత్రము ఏనాటికో మరియొక దేశపు నాటకములో అలంకారధ్వనిగా మాత్రము వినబడును. అప్పుడు దాని యర్థమును చెప్పుటకు పరదేశపండితునే మనము పిలువవలసివచ్చును. ఆ దినము రాకుండుగాక!